రాకాసి గూటి గిన్నె

పొద్దెక్కేసరికి నీళ్లు బాల్‌రాజ్ మోకాళ్లు దాటాయి.

తాండూరు పొలిమేరలో, సొంత చేనులో తవ్వించుకున్న బండల గుంత అడుగున అతను నిలబడి ఉన్నాడు. కూర్చునే వీలు కూడా లేదు. పొద్దున పని మొదలుపెట్టగానే పక్కగోడ నుంచి ఒక నాపబండ జారి, అతని కుడికాలిని తొడదాకా గోడకు నొక్కి పట్టింది. బండ కదిలిన చోటే నేల పగిలి, లోపల ఎక్కడో దాగిన ఊట బయటపడింది. యాభై ఎనిమిదో సంవత్సరం ఎండాకాలం అది. చుట్టుపక్కల బావులన్నీ అడుగంటాయి. పశువులకు గుక్కెడు నీళ్లు దొరకడం లేదు. ఆ గుంతలో మాత్రం నీళ్లు ఆగకుండా ఊరుతున్నాయి.

తమ్ముడు యాదగిరి ఆయిల్ ఇంజను పెట్టి తోడబోయాడు. గొట్టంలోకి కంకర ఎక్కి ఇంజను బిగుసుకుపోయింది. గడ్డపారలు వేసి బండను లేపబోతే నీళ్లలో పట్టు దొరకక జారి, బండ ఇంకాస్త కిందికి దిగింది. అప్పుడు బాల్‌రాజ్ అరిచిన అరుపుకు పైనున్న ఆడవాళ్లు మొహాలు తిప్పుకున్నారు. కాలు కోసేయమని అతనే అడిగాడు. ఊళ్లోంచి వచ్చిన కాంపౌండరు తల అడ్డంగా ఊపాడు. నీళ్ల కింద, కంటికి కనపడని చోట, తొడ దగ్గర కోస్తే పైకి తెచ్చేలోపే ప్రాణం పోతుందన్నాడు.

నీళ్లు దిగితే బండను లేపవచ్చు. దిగకపోతే సాయంత్రానికి అతని తల మునుగుతుంది. ఇందులో ఎవరికీ అనుమానం లేదు.

అతని భార్య రాధమ్మ నిచ్చెన దిగి, చీర తడుస్తున్నా లెక్కచేయకుండా మొగుడి పక్కన నిలబడింది. బీడీ వెలిగించి అతని నోట్లో పెట్టింది. వికారాబాదు పోయి ఆ గిన్నె తెస్తానని చెప్పింది.

"పీనుగుల గూట్లది ఇంట్ల ఉంచొద్దని నువ్వే గదనే ఎల్లగొట్టిస్తివి," అన్నాడు బాల్‌రాజ్.

"ఇప్పుడు గదే గావాలె."

అతను పొగ వదిలి, నవ్వబోయి నొప్పితో పళ్లు కరిచాడు. "పోయిరా. నేను యాడికి పోను, ఈడ్నే ఉంట."

ఆ గిన్నె ఆ గుంతలోదే. కిందటేడు బండ కోసం పైమట్టి తీస్తుంటే రాకాసి గూళ్లు బయటపడ్డాయి. రాతి పలకలు నాలుగు వైపులా నిలబెట్టి, మీద ఇంకో పలక మూసిన గూళ్లు. లోపల ఎముకలు, తుప్పు పట్టిన కత్తులు, ప్రతి పీనుగు చుట్టూ వరసగా నీళ్ల కుండలు. సేద్యం రాకముందు ఆ నేల మీద ఎవరో బతికారు. వాళ్ల ఊళ్ల ఆనవాలు ఎక్కడా లేదు, గూళ్లు మాత్రం మిగిలాయి. అన్నిటికంటే పెద్ద గూట్లో నల్లరాతి గిన్నె దొరికింది. దోసెడు గింజలు పడతాయేమో, అంత చిన్నది. బయటంతా కోడికాళ్ల ముద్రల్లాంటి రాత. వికారాబాదులో కిరాణా దుకాణం నడిపే వెంకటేశ్వర్, అరుగుకు బండలు కొనడానికి వచ్చి, గిన్నె చూసి ముచ్చటపడ్డాడు. బాల్‌రాజ్ ఊరికే ఇచ్చేశాడు.

దాని సంగతి రాధమ్మకు తెలిసింది కార్తీకంలో, అనంతగిరి జాతరలో. వెంకటేశ్వర్ భార్య కస్తూరమ్మ ఆమెను పక్కకు లాగి చెప్పింది. ఇంట్లో సరుకు అయిపోతే అయిపోయిందని ఎవరంటారు? నిండుకుందనే అంటారు. కస్తూరమ్మ కూడా అలాగే, వంటింట్లోంచి మొగుణ్ణి కేకేసి, నూనె నిండుకుందని చెప్పింది. గోడ గూట్లో ఆ గిన్నె నోరు పైకి పెట్టి ఉంది. ఆమె చూస్తుండగానే ఖాళీ డబ్బా అంచుదాకా నూనెతో నిండింది. ఆ వేళకే ఎదురింటి గానుగలో నూనె తొట్టి ఎండిపోయిందని తరువాత తెలిసింది.

వెంకటేశ్వర్‌కు మతిపోయింది. చక్కెర నిండుకుంది, కిరసనాయిలు నిండుకుంది అని గిన్నె ముందు కూర్చుని జపం మొదలుపెట్టాడు. గిన్నెకు మనిషి మర్యాద మాట తెలియదు. అన్నది అన్నట్టే చేస్తుంది. నింపడానికి కావలసింది తనకు అన్నిటికంటే దగ్గర ఎక్కడ ఉంటే అక్కడినుంచి లాగుతుంది. బోర్లిస్తేనే దానికి చెవుడు. ఒకనాడు కస్తూరమ్మ అలవాటు కొద్దీ పాలు నిండుకున్నాయంది. పాలచెంబు నిండింది. పక్కింటి బాలింతకు ఆ పూట నుంచి చన్నుల్లో చుక్క లేదు.

అప్పుడు రాధమ్మ సగం నమ్మి, సగం నవ్వుకుంది. ఇప్పుడు నమ్మడం తప్ప ఆమెకు దారి లేదు. చేనులో గుంత పక్కనే వాళ్ల పాత బావి ఉంది, లోతైనది, ఎండిపోయింది. బావిలో నీళ్లు నిండుకున్నాయంటే చాలు. దగ్గరలో ఉన్న నీళ్లంటే గుంతలోవే.

వదిన రైలెక్కిందని తెలిసి, అన్న చావు చూడలేక పుట్టింటికి పోతోందని యాదగిరి అనుకున్నాడు.

వికారాబాదులో దిగి ఆమె దుకాణానికి పరుగెత్తింది. వెంకటేశ్వర్ ఆమె మొహం చూడగానే పసిగట్టాడు. గిన్నె పగిలిపోయిందన్నాడు, తరువాత ఎవరో అడిగితే ఇచ్చేశానన్నాడు, ఆ తరువాత అసలు ఏ గిన్నె అన్నాడు. బేరానికి వచ్చినవాళ్లు వింటున్నా సిగ్గుపడకుండా రాధమ్మ అరుగు మీద సాష్టాంగపడింది.

వెనక గదిలోంచి కస్తూరమ్మ వచ్చింది. చేతిలో గోనెపట్టా చుట్టిన మూట. దాన్ని జాగ్రత్తగా బోర్లించి రాధమ్మ ఒళ్లో పెట్టింది.

"ఏం జేస్తున్నవే," అన్నాడు వెంకటేశ్వర్.

"పక్కింటి పిల్ల ఇంక బిడ్డకు గంజే తాపుతున్నది. రోజు ఆ ఏడుపు ఇని నిద్రపోతున్నవు గదా, మస్తు గుండె నీది. అడ్డమొస్తే నీ దుకాణంల ఏమేమి నిండుకున్నయో బజార్ల నిలబడి చెప్త." ఆమె రాధమ్మ వైపు తిరిగింది. "పో చెల్లే. దానికి నింపుడు తప్ప ఇంకోటి రాదు. అది మాత్రం ఎన్ని పోసినా నిండదు. పనయ్యేదాక బోర్లనే ఉంచు. నోరు పైకి జేసినప్పుడు పక్కన ఎవ్వల్ని మాట్లాడనియ్యకు."

తిరుగు రైలు కదులుతుండగా రాధమ్మ ఇంజను వెనకే ఉన్న పెట్టెలో ఎక్కింది. ఆమె కూర్చునేలోపే వెంకటేశ్వర్ ఆయాసపడుతూ అదే పెట్టెలోకి చేరాడు.

ఆ ప్రయాణం ఎలాంటిదో ఆమె ముందుగా ఊహించలేదు. కరువు రోజులు. పెట్టె నిండా అదే ముచ్చట. దోమ నుంచి వచ్చిన రైతు తమ బావిలో నీళ్లు నిండుకున్నాయంటాడు. కుల్కచర్ల ముసలమ్మ తమ వాడలో ఉగాదికే నిండుకున్నాయంటుంది. ఆ మాట వినిపించిన ప్రతిసారీ రాధమ్మ మూటను కడుపుకు అదుముకుని వంగిపోయింది. కడుపునొప్పి అనుకుని ఒకామె వాము ఇవ్వబోయింది.

ధారూర్ స్టేషన్లో రైలు ఆగింది. వెంకటేశ్వర్ అప్పటిదాకా బతిమాలుతూ వచ్చాడు. గిన్నె తన చేతిలో పెడితే తానే వచ్చి ఆ మాట అంటానన్నాడు. ఆమె నమ్మలేదు. రైలు ఆగిన కుదుపులో అతను మూటను పట్టుకుని లాగాడు. ఆమె వదల్లేదు. గోనెపట్టా జారింది. నల్లగిన్నె ఇద్దరి చేతుల మధ్య వెల్లకిలా తిరిగింది.

కిటికీ దగ్గరి రైతు ప్లాట్‌ఫారం మీది కూలీని తాగేందుకు నీళ్లున్నాయా అని అడిగాడు. కూలీ స్టేషను బావి వైపు చెయ్యి చూపాడు.

"యాడియి అన్నా. బాయిల నీళ్లు నిండుకున్నయి."

పెట్టెలో కూజాలు, చెంబులు గుటక వేసినట్టు ఒకేసారి శబ్దం చేసి ఎండిపోయాయి. అందరి నాలుకలూ అంగిటికి అంటుకున్నాయి. చంటిపిల్లల ఏడుపులు గొంతులోనే ఆగాయి. ముందు, ఇంజను వెనకున్న నీళ్ల తొట్టి గుడగుడమంది. రాధమ్మ ఒంటి బరువంతా వేసి గిన్నెను బల్ల మీద బోర్లించింది. గుడగుడ ఆగింది. అప్పటికి తొట్టిలో ఏమీ మిగలలేదు.

బావిలో నీళ్లొచ్చాయని జనం కేకలు వేస్తూ అటు పరుగెత్తారు. ఇంజను డ్రైవరు కిందికి దిగి, తొట్టి మీద తట్టి చూసి, తలపట్టుకున్నాడు. ఇంకో ఇంజను వచ్చేదాకా బండి కదలదు.

రాధమ్మ పట్టాల మీద కూలబడలేదు. మూట చంకన పెట్టుకుని తాండూరు వైపు నడక మొదలుపెట్టింది. ఎండ నెత్తిమీద మంటలా ఉంది. చెప్పులు ఎక్కడ పోయాయో ఆమెకు తెలియదు. కొంతదూరం పోయాక వెనకనుంచి లారీ హారను వినిపించింది. బండల కోసం తాండూరు పోతున్న లారీ. డ్రైవరు పక్కన వెంకటేశ్వర్ కూర్చుని ఉన్నాడు. తలుపు తీసి చెయ్యి అందించాడు.

లారీలో అతను ఆమె మొహం చూడలేకపోయాడు. చివరికి మెల్లగా, బాల్‌రాజ్‌ను బయటికి తీసినంక గిన్నె తనకిస్తావా అని అడిగాడు.

"ఇస్త సేటూ. కావాలంటె ఇల్లు గూడ ఇస్త. జర జల్ది నడుపుమను."

గుంత దగ్గరికి చేరేసరికి పైన మునుపటి గోల లేదు. రాధమ్మ లారీ దిగి పరుగెత్తింది. అంచుకు పోయి తొంగి చూసింది. బాల్‌రాజ్ కనిపించలేదు. మట్టినీళ్లు, ఆ నీళ్లలోంచి జానెడు పైకి లేచిన బొప్పాయి కాడ. బుగ్గమ్మ అనే కూలిమనిషి మెడలోతు నీళ్లలో నిచ్చెన పట్టుకుని, ఇంకో చేత్తో ఆ కాడను నిలబెట్టి ఉంది. కాడ చివర గాలి బుసకొడుతోంది. అతను ఆ గొట్టంతో ఊపిరి తీస్తున్నాడు. నీళ్లు పెరిగినకొద్దీ పొడవైన కాడ మార్చారట. ఇంతకంటే పొడుగుది దొరకలేదని బుగ్గమ్మ ఏడుస్తూ చెప్పింది.

రాధమ్మ మూట విప్పబోతూ, యాదగిరి ఎక్కడని అడిగింది.

బావిలో ఉన్నాడని చెప్పారు.

ఇంజను పోయాక యాదగిరికి తట్టిన ఉపాయం అది. ఎండిన బావిలోకి దిగి, అక్కడినుంచి గుంత గోడదాకా బొరియ తవ్వితే నీళ్లు బావిలోకి దిగిపోతాయి. ఇద్దరు పనివాళ్లతో మధ్యాహ్నం నుంచి తవ్వుతున్నాడు. ముగ్గురూ బొరియలో బోర్లాపడి, ఒకరి వెనక ఒకరు ఉన్నారు. వెనక్కి పాకి, మోకు పట్టుకుని పైకి రావాలంటే చాలాసేపు పడుతుంది.

రాధమ్మ బావి గట్టుకు పరుగెత్తి పేరు పెట్టి పిలిచింది. నేల లోపలి నుంచి యాదగిరి గొంతు వచ్చింది.

"వదినా, వచ్చినవా? పిలువకు, దగ్గరికొచ్చినం. అన్నకు చెప్పు."

పైకి రమ్మని ఆమె అరిచింది. రానన్నాడు. గుంత నుంచి బుగ్గమ్మ కేక వేసింది. నీళ్లు కాడ చివరను తాకుతున్నాయి.

బావిలో నీళ్లు నిండుకున్నాయని ఒక్క మాట అంటే మొగుడు బతుకుతాడు. బొరియలో ముగ్గురు ఎలకల్లా చస్తారు. రాధమ్మ నోరు తెరిచింది. మూసుకుంది. గట్టు మీదినుంచి వెనక్కి తిరిగి, నిచ్చెన మెట్లు సగం దిగి, సగం జారి, నీళ్లలోకి దూకింది. చుట్టూ చూసింది. నీళ్లు పట్టేది ఏదైనా కావాలి, మనుషులు లేనిది. చెరువు దూరం. కాగ్నా నది ఇసుకలో చెలమల దగ్గర ఊరి ఆడవాళ్లంతా ఉంటారు. ఇంకేముంది ఖాళీగా?

ఆమె చేతుల్లోనే ఉంది.

మిగతావాళ్లందరినీ నోళ్లు మూసుకోమంది. గిన్నె నోరు పైకి తిప్పి, తల మీదికి ఎత్తి పట్టుకుంది. ప్రతిరోజూ వంటింట్లో అనే మాటనే అంది.

"గిన్నెల నీళ్లు నిండుకున్నయి."

గుంతలో నీళ్లు ఒక్కసారి ఆమె వైపు వంగాయి. చప్పుడు లేదు. నీళ్లు తాడులా మెలితిరిగి పైకి లేచి, ఆ దోసెడు గిన్నెలోకి దిగిపోతూ ఉన్నాయి. గిన్నె నిండలేదు. అడుగు తడవనే లేదు. బుగ్గమ్మ కాడ వదిలేసి నిచ్చెనను రెండు చేతులా పట్టుకుంది. బాల్‌రాజ్ నుదురు బయటపడింది, తరువాత కళ్లు, నోట్లో కొరికి పట్టుకున్న కాడ. కాడ ఉమ్మేసి అతను గాలిని మింగాడు. మెడ, రొమ్ము, నడుము. చివరికి బండ పూర్తిగా తేలింది.

పైనున్న మగవాళ్లు గడ్డపారలతో దూకారు. నేల పగులులోంచి ఊట తన్నుకుని వస్తూనే ఉంది, వచ్చింది వచ్చినట్టే గిన్నె తాగేస్తోంది. కాసేపటికి ఊట సన్నబడింది. గిన్నె దాహం సన్నబడలేదు.

మొదట రాధమ్మ తడిచీర ఎండింది. ఆ తరువాత ఒంటిమీది చెమట పోయింది. నాలుక రాయిలా బిగిసింది. గిన్నెకు అన్నిటికంటే దగ్గర ఉన్నది తానేనని ఆమెకు అర్థమైంది. రాకాసి గూళ్లలో ప్రతి పీనుగు చుట్టూ అన్ని నీళ్ల కుండలు ఎందుకు పెట్టారో, వాళ్ల ఊళ్లు ఎందుకు మిగల్లేదో కూడా.

వెంకటేశ్వర్ పై అంచున నిలబడి ఆమెనే చూస్తున్నాడు. అక్కడ దాని గుణం తెలిసినవాడు అతనొక్కడే.

"బోర్లియ్యి రాధమ్మా. చస్తవు."

ఆమె తల ఊపింది. బోర్లిస్తే ఊట మళ్లీ ఎగదన్నుతుంది. బండ ఇంకా కదల్లేదు. అతను ఎక్కడినుంచో కడవ తెచ్చి నిచ్చెన దిగాడు. ఆమె దగ్గరికి వచ్చేసరికి కడవలో చుక్క లేదు. రెండో కడవ ఇంకా దూరంలోనే తేలికైపోయింది. ఆమె చేతుల మీద చర్మం ముడతలు పడుతూ భుజాల దాకా పాకింది. పెదవులు చీలాయి, నెత్తురు రాలేదు. కనురెప్ప వేస్తే ఇసుక గీరినట్టు ఉండడంతో, వేయడం మానేసి మొగుడి కాలువైపే చూస్తూ నిలబడింది.

బావి బొరియలో తడి పోయి మట్టి పొడిబారి రాలుతుంటే యాదగిరి భయపడి పనివాళ్లతో సహా బయటికి వచ్చాడు. గుంతలోకి చూసి, ఏమీ అడగకుండా దూకి, గడ్డపార అందుకున్నాడు. అతని బరువు కూడా పడ్డాక బండ మూలిగింది. వేలెడు లేచింది. బెత్తెడు లేచింది. కాలు జారి బయటికి వచ్చింది. బాల్‌రాజ్‌ను చంకల్లో చేతులు వేసి లాగేశారు.

అయిపోయిందని రాధమ్మకు ఎవరో చెబుతున్నారు. చేతులు దించాలనుకుంది. వేళ్లు మాట వినలేదు. ఎండిన కట్టెల్లా గిన్నెకు కరుచుకుపోయాయి. వెంకటేశ్వర్ ఒక్కో వేలూ విప్పాడు. అలా విప్పుతున్నంతసేపూ అతని మొహమూ ముడతలు పడుతూ వచ్చింది. చివరికి గిన్నె అతని చేతిలోకి వచ్చింది. బోర్లించాడు.

ఊట తిరిగి ఎగదన్నింది. రాధమ్మ మొదలు నరికిన చెట్టులా పడిపోయింది. ఆమెను ఎత్తాలంటే అతనికి రెండు చేతులూ కావాలి. గిన్నెను చూశాడు, ఆమెను చూశాడు. గిన్నెను నోరు కిందికే ఉంచి గుంత అడుగున వదిలేశాడు. ఆమెను భుజాన వేసుకుని నిచ్చెన ఎక్కుతుంటే నీళ్లు అతని పిక్కలను తాకుతూ వెంటపడ్డాయి.

గట్టు మీద పడుకోబెట్టారు. పొద్దున మొగుడికి బీడీ ముట్టించిన మనిషే ఆమె అని చెప్పడం కష్టం. అత్తగారి ఈడు మనిషిలా ఉంది. నీళ్లు తెమ్మని అందరూ తలోదిక్కూ పరుగెత్తారు. ఏ ఇంట్లో కడవలోనూ నీళ్లు లేవు. గుంతలోవి తప్ప దగ్గర్లో నీళ్లు లేవు. బకెట్ వేయడానికి బుగ్గమ్మ చెయ్యి రాలేదు. యాదగిరి ఆమె చేతిలోంచి మోకు లాక్కుని, గిన్నె మునిగిన ఆ నీళ్లనే చేదాడు.

బాల్‌రాజ్ మోచేతుల మీద పాక్కుంటూ భార్య పక్కకు చేరాడు. తలగుడ్డ తడిపి ఆమె నోట్లో పిండాడు. మళ్లీ తడిపాడు. మళ్లీ పిండాడు. చాలాసేపు నీళ్లు పెదవుల చీలికల్లోకే ఇంకిపోయాయి. తరువాత గొంతు కదిలింది. చెంబు అందుకుని తాగింది, ఇంకోటి తాగింది, బకెట్ అయ్యేదాకా తాగింది.

బొంగురుపోయిన గొంతుతో ఆమె ఏదో అంది. అతను ఆమె నోటి దగ్గర చెవి పెట్టాడు.

"కాలు ఉన్నదా?"

"ఉన్నది. పనిజేస్తదో లేదో తెల్వదు."

"ఉంటె సాలు," అని ఆమె మళ్లీ చెంబు కోసం చెయ్యి చాచింది.